నడుంలోతు నీళ్లలో కెమెరా

పులికాట్ సరస్సులోకి దిగండి. చెప్పులు ఒడ్డునే విడవండి, బురదలో నిలవవు. అడుగేసినప్పుడల్లా కాలివేళ్ల సందుల్లోంచి ఒండ్రు పైకి ఉబుకుతుంది. నీళ్లు మోకాళ్లు దాటి నడుం దాకా వచ్చాయి. కెమెరాను గుండెలకి ఆనించి పట్టుకున్నారు. ఎదురుగా యానాది ఆడవాళ్లు వంగి, నీటి అడుగున చేతులతో తడుముతూ రొయ్యలు పడుతున్నారు. వల లేదు, గాలం లేదు. తాటాకు సంచికి కట్టిన తాడు పళ్ల మధ్య ఉంది. చేతికి తగిలిన రొయ్య తగిలినట్టే సంచిలో పడుతోంది.

"అవ్వా, దీవిలో మీ గూడెం యాడుండేది?" అని అడిగారు. నోట్లో తాడు పట్టుకున్న మనిషి ఏం చెబుతుంది? పని అయ్యేదాకా ఆగాలి. డాక్యుమెంటరీ తీసేవాళ్లు ముందు నేర్చుకోవలసింది ఇదే.

ఈలోగా తూర్పుకు చూడండి. అది శ్రీహరికోట. 2022 నుంచి ఈ ప్రాంతం కాగితాల మీద తిరుపతి జిల్లా, జనం నోట మాత్రం ఇంకా నెల్లూరు తీరమే. అడవిలో తేనె, దుంపలు, మందాకులు సేకరించుకుంటూ యానాదులు బతికిన దీవి అది. రాకెట్ కేంద్రం వచ్చింది, ఊళ్లు కదిలిపోయాయి. 1971 అక్టోబరు 9న రోహిణి-125 రాకెట్ అక్కణ్ణుంచి లేచింది. ప్రయోగం ఉన్న రోజు సూళ్లూరుపేట వైపు కెమెరాలన్నీ ఆకాశంలోకే చూస్తాయి. రాకెట్ లేస్తుంటే నాకూ ఒళ్లు పులకరిస్తుంది. అయినా ఆ నేల మీద ఎవరుండేవారని అడగాల్సిందే.

యానాదులకు బయటివాళ్ల చూపు కొత్త కాదు. జనం తలలూ ముక్కులూ కొలిచే అలవాటున్న మద్రాసు మ్యూజియం అధికారి ఎడ్గార్ థర్‌స్టన్, 1909లో అచ్చయిన తన ఏడు సంపుటాల్లో వాళ్ల గురించీ రాశాడు. ఆ పుస్తకాల్లో వాళ్లు చూడబడినవాళ్లే, చూసినవాళ్లు కారు.

చూపు తిప్పినవాళ్లు జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో ఉన్నారు. దూరదర్శన్‌లో పనిచేసి వచ్చిన పి.వి. సతీష్ నడిపిన దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీలో, బడి మొహం చూడని దళిత మహిళా రైతులు 1990ల చివర్లో వీడియో నేర్చుకున్నారు. వరంగల్ బీటీ పత్తి రైతుల నష్టాన్ని ఏళ్ల తరబడి వెంటపడి చిత్రించారు. పైనుంచి కిందికి చూసే షాట్‌కి వాళ్లు పెట్టిన పేరు పటేల్ షాట్. కళ్లలో కళ్లు పెట్టి చూసేది సంఘం షాట్. సినిమా చదువుల్లో నేను ఇంతకన్నా నిక్కమైన పాఠం వినలేదు.

పులికాట్ ఒడ్డున నిలబడి తీస్తే వంగిన వీపులే వస్తాయి. అది పటేల్ షాట్. అందుకే మీరు నీళ్లలో ఉన్నారు. కెమెరా ఇంకాస్త దించండి. ఇప్పుడు ముఖం కనిపిస్తోంది: తాడు బిగబట్టిన దవడ, చెంప మీద ఆరిన ఉప్పు చార, వేళ్లకు ఏం తగులుతుందా అని ఎటో నిలిపిన చూపు.

కాసేపటికి ఆమె ఒడ్డెక్కి తాడు వదులుతుంది. అప్పుడు మాట్లాడుతుంది, మైకు సిద్ధంగా ఉంచండి. అయితే ఎంత లోతుకి దిగినా మనం బయటివాళ్లమే. పైగా దీవి గుర్తున్నవాళ్ల మాట వినడానికి ఎక్కువ కాలం లేదు: 1971కి ఇరవై ఏళ్లున్నవాళ్లు ఇప్పుడు డెబ్బై దాటారు. పస్తాపూర్‌లో సాధ్యమైంది పులికాట్ ఒడ్డునా సాధ్యమే. విశ్వవిద్యాలయాలు, గిరిజన సంక్షేమ శాఖ, సినిమా మీద ప్రేమున్న మీరు, ఆ గూడేల పిల్లలకు కెమెరా, మైకు, ఎడిటింగ్ నేర్పండి. వాళ్ల అవ్వల్ని వాళ్లనే అడగనివ్వండి. ఈ ఏడే మొదలుపెట్టండి.