పరదేశపు యుద్ధము, ఇంటి ముంగిటి మంట

తిరుపతినుండి చెన్నపట్టణమునకు పోవు త్రోవలో పుత్తూరు కలదు. విరిగిన ఎముకలకు కట్టు కట్టుటలో ఆ యూరికి గల పేరు శ్రోతలకు క్రొత్త గాదు. 2013 అక్టోబరు 5వ తేదీన ఆ యూరిలోనే, తీవ్రవాదులని తమిళనాడు పోలీసులు వెదకుచుండిన యిద్దరు దాగిన యింటిని ఇరురాష్ట్రముల పోలీసులు చుట్టుముట్టిరి. లోపల పసిబిడ్డలును ఉండిరి. గంటల తరబడి పెనుగులాట జరిగిన పిమ్మట వారు లొంగిపోయిరి. ఆ ఘటనను విదేశములతో ముడిపెట్టుట మా యభిమతము గాదు. కాని, మన నడుమ తిరుగు మనుష్యుడు ఇట్టి త్రోవ నెట్లు పట్టుననెడి ప్రశ్న ఎచ్చటనైనను ఒక్కటియే. దానికి ఆగ్నేయాసియా చరిత్ర కొంత సమాధానము చెప్పును.

1949లో పశ్చిమ జావాయందు కార్తోసువిర్యో అను నాతడు ఇస్లామిక రాజ్యమును ప్రకటించి తిరుగుబాటు గావించెను. 1962లో ప్రభుత్వ మాతనిని పట్టి మరణదండన విధించెను. ఉద్యమము మాత్రము నివురు గప్పిన నిప్పువలె నిలిచెను. 1985లో అబ్దుల్లా సుంగ్కర్, అబూబకర్ బషీర్ అను బోధకులు సుహార్తో ప్రభుత్వమునకు వెఱచి మలేషియాకు పారిపోయి, శిష్యులను అఫ్గన్ సరిహద్దు శిబిరములకు పంపసాగిరి. నాడు అఫ్గన్ దేశమున సోవియట్ సేనలతో పోరు సాగుచుండెను. 1989లో ఆ సేనలు మరలిపోయెను; శిష్యులు నేర్చిన విద్య మరలిపోలేదు. 1993లో సుంగ్కర్ జెమా ఇస్లామియా అను సంస్థను నెలకొల్పెను.

2002 అక్టోబరు 12 రాత్రి బాలిద్వీపమున బాంబులు ప్రేలి 202 మంది మరణించిరి. వారిలో 38 మంది ఇండోనీసియా వారే! శిక్షపడిన ముఖ్యులలో ముఖ్లాస్, ఇమామ్ సముద్ర ఆ శిబిరములలో శిక్షణ పొందినవారు. పరదేశపు యుద్ధమునకై నేర్చిన విద్య తుదకు స్వదేశపు వీధిలో ప్రయోగింపబడెను.

ముఖ్లాస్‌కు బావమరిది నాసిర్ అబ్బాస్. ఈతడును ఆ శిబిరములలో నేర్చి, ఇతరులకు నేర్పినవాడే. కాని నిరాయుధులను చంపుట తగదని యెదిరించెను. 2003లో పట్టుబడిన పిదప, చెఱలోని పాతమిత్రులను మరలించు పనికి పూనుకొనెను. 2014లో సిరియా పిలుపు విని మరికొందరు యువకులు వెడలిరి. 2017లో ఫిలిప్పీన్సునందలి మరావీ నగరము అయిదు నెలల పోరులో పాడువడెను. అయినను 2024 జూన్ 30న జెమా ఇస్లామియా పెద్దలే తమ సంస్థను రద్దు చేయుచున్నట్లు ప్రకటించిరి.

ఈ యువకులలో పెక్కుమందిని ఆ త్రోవకు చేర్చినది గురుభక్తి, చుట్టరికము, చెలిమి. కొందరిని మరలించినదియు చుట్టమో, మిత్రుడో. ఎముక విరిగిన నాడే కట్టు కట్టిన చక్కగా అతుకును. ఆలస్యమైనచో వంకరగా అతుకునని పుత్తూరు ప్రక్కవారికి మేము వేరుగ చెప్పవలెనా?