అమ్మ లెవెల్ ఏమైంది?

పోయిన నెల నేనొక ఘనకార్యం చేశాను. కొత్త ఫోన్ కొనుక్కుని, నా పాత ఐఫోన్ అమ్మకిచ్చి, అమ్మ ఆండ్రాయిడ్ ఫోన్‌ని ఎక్స్‌ఛేంజ్‌లో ఇచ్చేశాను. కాంటాక్టులు, ఫోటోలు, వాట్సాప్ అన్నీ జాగ్రత్తగా ఇందులోకి తెచ్చాను. కాలరెగరేసుకుంటూ ఆఫీసుకెళ్ళి సాయంత్రం ఇంటికొచ్చేసరికి అమ్మ బాల్కనీలో కూర్చుని ఉంది. ఫోన్ నా ముందు పెట్టి, "ఒరేయ్, ఇదేంటిరా మొదటి లెవెల్ అంటోంది?" అంది.

అమ్మ ఆడేది మూడేసి బొమ్మలు వరసలో పెడితే పేలిపోయే ఆటల్లో ఒకటి. పేరెందుకులెండి, అలాంటివి బోలెడున్నాయి. 2020 లాక్‌డౌన్‌లో, నారాయణగూడ రోడ్డు మీద ఆటో చప్పుడు కూడా వినపడని రోజుల్లో, నేనే నేర్పించాను. నాకు తెలిసి అమ్మ కేవలం తన కోసం అంత పట్టుదలగా చేసిన పని ఇంకోటి లేదు. పోయిన నెలకి 2,146వ లెవెల్లో ఉంది. అంత కచ్చితంగా ఎలా చెప్తున్నానంటే, గోడ క్యాలెండర్లో పాల ప్యాకెట్ల లెక్క పక్కనే వారానికోసారి లెవెల్ నంబరు కూడా రాసుకునేది.

తప్పు నాదే. మొదటిసారి ఆట తెరిచినప్పుడు "లాగిన్ అవుతారా, గెస్ట్‌గా ఆడతారా" అని అడిగితే, అమ్మకి ఖాతాలూ పాస్‌వర్డులూ ఎందుకులే అని గెస్ట్ నొక్కింది నేను. పాత ఫోన్‌ని ఫ్యాక్టరీ రీసెట్ చేసిందీ నేనే (డేటా భద్రత కదా, రెండుసార్లు చేశాను). ఆట కంపెనీకి మెయిల్ రాస్తే ప్లేయర్ ఐడీ పంపమన్నారు. అది పాత ఫోన్లో, ఆ ఆట సెట్టింగ్స్‌లో ఉండేదట! కస్టమర్ల డేటాబేసుల్ని ఒక క్లౌడ్ నుంచి ఇంకో క్లౌడ్‌కి మార్చడం నా ఉద్యోగం. అలాంటిది 2,146 అనే ఒక్క ఇంటిజర్‌ని ఈ చేతిలో ఫోన్లోంచి ఆ చేతిలో ఫోన్లోకి మార్చలేకపోయాను. ఆ ఉక్రోషంలోనే ఈ వ్యవహారం మొదట్నించీ ఎలా నడిచిందో కూర్చుని తవ్వాను.

పాముతో మొదలుపెడదాం. 1997లో నోకియా 6110తో పాటు వచ్చిన పాము ఆటని రాసింది తనేలి అర్మాంటో అనే ఇంజనీరు. మన ఇళ్ళలోకి ఆ పాము ఎక్కువగా దూరింది మాత్రం 2003లో వచ్చిన నోకియా 1100తో. నాన్న ఫోన్ అదే. నేను ఒకటో రెండో తరగతిలో ఉండగా దొంగతనంగా ఆడేవాణ్ణి. నాన్న ఫోన్ మార్చినప్పుడు సిమ్ తీసి కొత్తదాంట్లో వేస్తే పేర్లూ నంబర్లూ వచ్చేశాయి గానీ నా స్కోరు రాలేదు. అప్పుడు ఏడ్చి ఊరుకున్నాను, కారణం ఇప్పుడు తెలుస్తోంది. సిమ్‌లో పేర్లు, నంబర్లు, మెసేజీలు ఏ అరలో ఏ పద్ధతిలో ఉండాలో జీఎస్ఎం ప్రమాణాల్లో రాసిపెట్టారు. ఏ కంపెనీ ఫోనైనా అక్కడే రాయాలి, అక్కడే చదవాలి. పాము స్కోరుకి కూడా ఒక అర కావాలని ఎవరికి తోస్తుంది చెప్పండి? దాన్ని ఫోన్ సొంత మెమరీలో పెట్టారు, అది అక్కడే ఉండిపోయింది.

తరవాత జావా ఫోన్ల కాలం. 2000లో వచ్చిన ఎంఐడీపీ 1.0లో ఆటలు తమ లెక్కలు దాచుకోవడానికి రికార్డ్ మేనేజ్‌మెంట్ సిస్టం అని ఒకటి పెట్టారు. ఏ ఆట రికార్డులు ఆ ఆటవే, ఇంకోటి ముట్టుకోకూడదు, ఆట తీసేస్తే రికార్డులూ పోతాయి. భద్రత పరంగా చూస్తే మంచి డిజైనే. అబిడ్స్ జగదీష్ మార్కెట్లోనో, చిక్కడపల్లిలో ఏదో ఒక మొబైల్ షాపులోనో మెమరీ కార్డు ఇస్తే పాటలతో పాటు ఆటలూ ఎక్కించి ఇచ్చేవాళ్ళు. అలా జార్ ఫైలు ఊరంతా తిరిగేది. రికార్డు స్టోరు మాత్రం ఫోన్ కడుపులోంచి కదిలేది కాదు.

ఇక్కడ మన ఊరి సంగతొకటి చెప్పుకోవాలి. అప్పట్లో ఫోన్ తెరలు తలో కొలత. 128×128, 176×208, 240×320 ఇలా. ఒక్కో తెరకీ ఒక్కో కంపెనీ ఫోన్లో ఉండే అవకతవకలకీ సరిపోయేలా ఒకే ఆటకి ఎన్నో బిల్డులు తియ్యాలి. పోర్టింగ్ అని దానికో ప్రత్యేక ఉద్యోగమే ఉండేది. గేమ్‌లాఫ్ట్, ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ లాంటి పెద్ద కంపెనీలు హైదరాబాదులో స్టూడియోలు పెట్టాయి. మన సీనియర్ల రెజ్యూమెలు తిరగేస్తే అడుగున ఎక్కడో ఈ పోర్టింగ్ మాట తగలొచ్చు. ఆటని అన్నేసి ఫోన్లకి చేర్చడానికి రాత్రింబవళ్ళు కష్టపడిన పరిశ్రమ, ఆడేవాణ్ణి ఒక్క ఫోన్ కూడా దాటించలేదు. ఆట కొత్త ఫోన్లో మళ్ళీ అమ్ముడుపోతుంది. ఆడినవాడి లెవెల్‌ని ఎవరికి అమ్ముతారు?

2008లో ఆపిల్ యాప్ స్టోరు, ఆండ్రాయిడ్ మార్కెట్ వచ్చాక ఆటలు నెమ్మదిగా సర్వర్లతో మాట్లాడ్డం మొదలెట్టాయి. అంటే లెవెల్ ఫోన్లోనే పడి ఉండాల్సిన అవసరం తీరింది. మరి సర్వరుకి "ఈవిడే ఆవిడ" అని తెలిసేదెలా? మొదట్లో తేలిక దారి ఫోన్ గుర్తింపు నంబరు. ఐఫోన్లో యూడీఐడీ అని ప్రతి పరికరానికీ ఒకటుండేది. ప్రకటనల వాళ్ళు దాన్ని పట్టుకుని జనాల వెంట పడుతున్నారని గొడవయ్యాక, 2013 మే 1 నుంచి దాన్ని వాడే యాప్‌లని ఆపిల్ తీసుకోవడం మానేసింది. 2017లో ఆండ్రాయిడ్ 8 కూడా ఆ తరహా నంబరు ఒక్కో డెవలపర్ యాప్‌లకి ఒక్కోలా కనిపించేట్టు చేసింది. ప్రైవసీకి మంచే జరిగింది, అందులో నాకు అనుమానం లేదు. కానీ మా అమ్మలాంటి గెస్టుకి ఆ ఆటలో రాసుకున్న ఒక యాదృచ్ఛిక సంఖ్య తప్ప వేరే ఉనికి లేకుండా పోయింది. అది చెరిగితే మనిషి చెరిగినట్టే.

ఫోన్ కాకపోతే ఖాతా. 2010లో ఆపిల్ గేమ్ సెంటర్ పెట్టింది. 2013లో గూగుల్ ప్లే గేమ్స్ వచ్చింది, క్లౌడ్ సేవ్‌తో సహా. ఈ ఖాతా అనే మాట వింటే నాకు మా సందులో కిరాణా షాపే గుర్తొస్తుంది. నా చిన్నప్పుడు అక్కడ మాకు ఉద్దెర ఖాతా ఉండేది. ఖాతా నాన్న పేరు మీదే, పుస్తకం మాత్రం షాపాయన గల్లాపెట్టె కింద. మూడేళ్ళుగా నెలనెలా సరిగ్గా కడుతున్నామని ఆ పుస్తకం చెప్తుంది గానీ, పక్క సందులో షాపుకెళ్తే మేం కొత్తవాళ్ళమే. గేమ్ సెంటర్ పుస్తకం ఆపిల్ షాపులో ఉంది. ప్లే గేమ్స్ పుస్తకం గూగుల్ షాపులో ఉంది (కొన్నాళ్ళు ఐఫోన్లకి కూడా ఇచ్చి తరవాత మానేశారు). అమ్మని నేను మార్చింది ఫోన్ కాదు, షాపు.

ఈ గోడ మొదట దూకినవాళ్ళు మూడో షాపులో పుస్తకం పెట్టినవాళ్ళు. కాండీ క్రష్ సాగా 2012 ఏప్రిల్‌లో ఫేస్‌బుక్‌లో పుట్టింది, ఆ ఏడాది చివర్లోనే ఐఫోన్‌కీ ఆండ్రాయిడ్‌కీ వచ్చింది. ఫేస్‌బుక్‌తో లాగినైతే ఆఫీసు కంప్యూటర్లో ఆపిన చోటినుంచి ఫోన్లో ఆడుకోవచ్చు. 2013 అక్టోబరులో ఆండ్రాయిడ్‌కి వచ్చిన క్లాష్ ఆఫ్ క్లాన్స్‌లో ఇంకా ముచ్చటైన పద్ధతి ఉండేది. పాత ఫోన్ ఒక కోడ్ చూపిస్తుంది, కొత్త ఫోన్లో అది కొడితే ఊరు ఊరంతా ఇటు వచ్చేస్తుంది, అది ఐఫోనైనా ఆండ్రాయిడైనా సరే. తరవాత వాళ్ళే సూపర్‌సెల్ ఐడీ అని సొంత ఖాతా పెట్టుకున్నారు. అంటే సాంకేతికంగా ఇది పదేళ్ళ కిందటే తేలిపోయిన సమస్య. నిజానికి డేటా కూడా ఎంతని, కొన్ని కిలోబైట్లు! చాలా ఆటల్లో డబ్బు పెట్టి కొన్న వజ్రాలు మాత్రం వెంట రావు. అక్కడ లెక్క ఇంజనీర్లది కాదు, అకౌంటెంట్లది.

మన దేశంలో ఈ మార్పిడి పెద్దఎత్తున జరిగింది మాత్రం ఒకేసారి, అదీ ప్రభుత్వం నిషేధం పెట్టబట్టి. 2020 సెప్టెంబరు 2న కేంద్రం నిషేధించిన 118 యాప్‌లలో పబ్జీ మొబైల్ ఒకటి. అక్టోబరు 30న సర్వర్లు కూడా ఆగాయి. 2021 జూలై 2న క్రాఫ్టన్ బీజీఎంఐ పేరుతో ఆండ్రాయిడ్‌కి, ఆగస్టు 18న ఐఫోన్‌కి తెచ్చింది. ఆట దాదాపు అదే, పుస్తకం మాత్రం వేరే కంపెనీ చేతిలో ఉంది. పాత లెక్క సింగపూర్‌లోని ప్రాక్సిమా బీటా నుంచి క్రాఫ్టన్‌కి పంపడానికి నాకు సమ్మతమే అని ఆడేవాడు నొక్కాలి. ఫేస్‌బుక్, ట్విటర్ లాంటి ఖాతాకి కట్టుకుని ఆడినవాళ్ళ ర్యాంకులూ బట్టలూ తుపాకీ రంగులూ వచ్చాయి. గెస్టులకి దారి లేదు. ఆ ఏడాది డిసెంబరు 31తో ఆ తలుపు కూడా మూసేశారు.

బీటెక్‌లో నాతో పాటు రాత్రుళ్ళు పబ్జీ ఆడినవాడొకడు అశోక్ నగర్ హాస్టల్లో ఉంటూ గ్రూప్స్‌కి చదువుతున్నాడు. వాడి లెక్క బీజీఎంఐలోకి భేషుగ్గా వచ్చింది. అమ్మ సంగతి చెప్తే వాడు నవ్వి, "ఆటలో పోతే ఏముందిరా, నాది బయటే రెండుసార్లు పోయింది" అన్నాడు. 2022 అక్టోబరు 16న గ్రూప్-1 ప్రిలిమ్స్ రాసి పాసయ్యాడు. పేపర్ల లీకేజీతో 2023 మార్చిలో అది రద్దయింది. జూన్ 11న మళ్ళీ రాశాడు, సెప్టెంబరులో హైకోర్టు దాన్నీ రద్దు చేసింది. 2024 ఫిబ్రవరిలో 563 పోస్టులతో కొత్త నోటిఫికేషన్ ఇచ్చారు, మళ్ళీ ఒకటో లెవెల్. నాకేమనాలో తెలీలేదు. టీకి డబ్బులు నేనిచ్చాను.

ఫోన్ నంబరు కూడా ఒకప్పుడు ఇలాగే ఉండేది. నెట్‌వర్కు మారితే నంబరు పోయేది, అందరికీ "ఇది నా కొత్త నంబర్" అని మెసేజీలు పెట్టుకునేవాళ్ళం. కంపెనీలు వాటంతటవి మారలేదు. ప్రభుత్వం తప్పనిసరి చేస్తే 2010 నవంబరు 25న హర్యానాలో, 2011 జనవరి 20న దేశమంతా నంబర్ పోర్టబిలిటీ వచ్చింది. 2015 జూలై 3 నుంచి సర్కిల్ దాటినా అదే నంబరు. బెంగుళూరులో ఉద్యోగమొచ్చిన హైదరాబాదీలకి దాని విలువ నేను చెప్పక్కర్లేదు. మరి మన డేటా సంగతి? డేటా రక్షణ మీద వేసిన కమిటీ 2018లో ఇచ్చిన ముసాయిదాలో, మన డేటాని వెంట తీసుకెళ్ళే హక్కు ఉంది. ఆ కమిటీ అధ్యక్షుడు జస్టిస్ శ్రీకృష్ణ. అవును, 2010లో తెలంగాణ విషయం తేల్చడానికి వేసిన కమిటీ శ్రీకృష్ణగారే! 2019 బిల్లులోనూ ఆ హక్కు మిగిలింది. 2023లో చట్టం అయ్యేసరికి ఎగిరిపోయింది. యూరప్‌లో 2018 మే నుంచీ ఉంది గానీ, దాంతో మన లెక్క ఒక ఫైలుగా చేతికొస్తుంది తప్ప, ఇంకో షాపువాడు ఆ ఫైలు తీసుకుంటాడని భరోసా లేదు. ఖాతాలు కొని అమ్మే దొంగ వ్యాపారం ఉంది కాబట్టి కంపెనీల జాగ్రత్తని పూర్తిగా తప్పు పట్టను. కానీ గెస్ట్ బటన్ పక్కన "ఫోన్ మారితే ఇదంతా పోతుంది" అని ఒక్క ముక్క, అదీ తెలుగులో, పెట్టడానికి ఏ చట్టం కావాలి?

ఇంతకీ అమ్మ. "పోన్లేరా, ఏమన్నా ఆస్తా?" అనేసి రెండు వారాలు ఆ ఆట జోలికే పోలేదు. సాయంత్రాలు బాల్కనీలో ఊరికే కూర్చునేది. నేనే బతిమాలి, ఈసారి లాగిన్ చేసి మరీ ఇచ్చాను. నిన్న క్యాలెండర్ చూస్తే పాల లెక్క పక్కన 61 అని ఉంది. పేజీ తిప్పితే వెనక పెద్దక్షరాలతో ఆ ఖాతా పాస్‌వర్డ్ కూడా రాసి ఉంది. మా ఆఫీసు సెక్యూరిటీ టీమ్ చూస్తే గుండాగి చస్తారు. నేను మాత్రం క్యాలెండర్‌ని మళ్ళీ మేకుకి తగిలించి వచ్చేశాను.