సిమోన్ సిన్యోరె

సిమోన్ సిన్యోరె (25 మార్చి 1921 – 30 సెప్టెంబర్ 1985) ఫ్రెంచ్ సినిమా నటి, రచయిత్రి. నాలుగు దశాబ్దాల నట జీవితంలో ఆస్కార్, కాన్, బెర్లిన్, సెజార్ పురస్కారాలు అందుకుంది. యాభై దాటాక కలం పట్టి, ఆత్మకథతోనూ నవలతోనూ అశేష పాఠకులను సంపాదించుకుంది.

బాల్యం, యుద్ధకాలం

ఆమె అసలు పేరు సిమోన్ కమింకేర్. మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక ఫ్రెంచ్ సేనలు జర్మనీలోని రైన్ ప్రాంతంలో మకాం వేసి ఉన్న రోజుల్లో, వీస్‌బాడెన్ పట్టణంలో పుట్టింది. తండ్రి ఆంద్రె యూదు కుటుంబానికి చెందినవాడు, పేరున్న దుబాసీ. పారిస్ పక్కనున్న నొయీలో ఆమె పెరిగింది.

1940లో ఫ్రాన్స్ నాజీల వశమైంది. తండ్రి లండన్ చేరుకున్నాడు. తల్లినీ ఇద్దరు తమ్ముళ్లనూ పోషించే బరువు సిమోన్ మీద పడింది. పిల్లలకు పాఠాలు చెప్పింది. జర్మన్లకు కొమ్ముకాసే ఒక పత్రికలో కొన్నాళ్లు సెక్రటరీగా పనిచేసి, అది మానేసి సినిమా వేషాల వెంట తిరిగింది. యూదు ఇంటిపేరు ప్రాణాల మీదికి తెచ్చే కాలం కావడంతో తల్లి పుట్టింటి పేరైన సిన్యోరెను తన పేరుగా చేసుకుంది. నటించడానికి అనుమతి పత్రం లేనందున యుద్ధం సాగినన్నాళ్లూ చాలావరకు గుంపులో నిలబడే వేషాలే దక్కాయి.

నటిగా

యుద్ధానంతరం దర్శకుడు ఈవ్ అలెగ్రెను పెళ్లాడింది. వారి కుమార్తె కత్రీన్ కూడా నటి అయింది. అలెగ్రె తీసిన 'దెదె దాన్వేర్' (1948) ఆమెను తారను చేసింది. జాక్ బెకేర్ దర్శకత్వం వహించిన 'కాస్క్ దోర్' (1952) ఆమె తొలి కళాఖండం. ప్రియుడికి మరణశిక్ష అమలయ్యే తెల్లవారుజామున నాయిక ఎదురుగా ఉన్న గదిని అద్దెకు తీసుకుని, కిటికీలోంచి గిలటిన్ వైపు చూస్తుంది. ఆ ఘట్టంలో ఏడుపూ లేదు, మాటా లేదు. దుఃఖమంతా చూపులోనే పలికించింది.

క్లూజో తీసిన 'లె డియాబోలిక్' (1955) తర్వాత, బ్రిటిష్ చిత్రం 'రూమ్ ఎట్ ది టాప్' (1959) ఆమెకు కాన్ ఉత్సవంలో ఉత్తమ నటి బహుమతినీ, 1960లో ఆస్కార్‌నూ తెచ్చిపెట్టింది.

ఆస్కార్ వచ్చాక అందాన్ని కాపాడుకునే ప్రయత్నమేదీ ఆమె చేయలేదు. ఒళ్లు బరువెక్కింది, ముఖం ముడతలు పడింది. వాటిని దాచకుండా పాత్రలకే ఇచ్చేసింది. మెల్విల్ తీసిన 'లార్మె దెజోంబ్ర్' (1969)లో నాజీలతో రహస్యంగా పోరాడే మతిల్ద్‌గా కనిపిస్తుంది. కూతురి ఫోటోను పర్సులో దాచుకోవడమనే ఒక్క బలహీనత ఆమె ప్రాణం తీస్తుంది. 'ల షా' (1971)లో జాన్ గాబెన్ సరసన, పలకరింపులు కరువైన వృద్ధ దంపతుల కథలో నటించి బెర్లిన్‌లో బహుమతి గెలిచింది. 'లా వీ దెవాన్ స్వా' (1977)లో వేశ్యల పిల్లలను సాకే మదామ్ రోజాగా సెజార్ అందుకుంది.

ప్రజాజీవితం

నటుడు, గాయకుడు ఈవ్ మోంతాన్‌ను 1951లో పెళ్లాడింది. ఇద్దరూ వామపక్ష భావాలున్నవారు. 1956లో సోవియట్ సేనలు హంగరీని అణచివేసిన కొద్దివారాలకే మోంతాన్ కచేరీల కోసం ఇద్దరూ మాస్కో వెళ్లి, అక్కడ సోవియట్ నేత కృశ్చేవ్‌నే నేరుగా ఆ సంగతి నిలదీశారు. అల్జీరియా యుద్ధాన్ని ఖండిస్తూ 1960లో వెలువడిన '121 మంది ప్రకటన' మీద సిన్యోరె సంతకం చేసింది.

రచయిత్రిగా

1976లో ఆత్మకథ వెలువడింది. 'గతం మీది మమకారమూ మునుపటిలా లేదు' అన్నది దాని శీర్షిక భావం. తారల ముచ్చట్లకన్నా యుద్ధకాలపు పారిస్, కమ్యూనిస్టు మిత్రులతో పడిన మథనం అందులో ఎక్కువ చోటు తీసుకున్నాయి. ఆమె ఏకైక నవల 'అద్యూ వొలోద్యా' 1985లో వచ్చింది. పోలండ్, ఉక్రెయిన్‌ల నుంచి వలసవచ్చి పారిస్‌లో స్థిరపడిన యూదు కుటుంబాల కథ అది. యుద్ధకాలంలో తాను దాచుకోవలసివచ్చిన మూలాలను ఆమె ఈ నవలలో బాహాటంగా తన సొంతం చేసుకుంది.

అదే ఏడాది సెప్టెంబరులో నార్మండీలోని తన ఇంట్లో క్యాన్సర్‌తో కన్నుమూసింది. పారిస్‌లోని పేర్ లషేజ్ శ్మశానవాటికలో ఖననం చేశారు. 1991లో మోంతాన్‌నూ అక్కడే ఖననం చేశారు.

వయసు మీద పడితే నటి పని అయిపోయినట్టేనన్న సినీ పరిశ్రమ నమ్మకాన్ని సిన్యోరె తిప్పికొట్టింది. సెజార్ అందుకునేనాటికి ఆమెకు 56 ఏళ్లు, నవల వెలువడేనాటికి 63.