నేరమును జాతికి అంటగట్టిన శాసనము

మన మహాసభ జరుగుచున్న యీ బషీర్‌బాగునకు, పైగా వంశీయుడగు సర్ ఆస్మాన్ జాహ్ ప్రభువునకు గల బషీరుద్దౌలా యను బిరుదమునుండి పేరు వచ్చినది. 1887 మొదలు 1894 వఱకు నైజాము రాజ్యమునకు దివానుగా నుండిన ఆ ప్రభువు ఇచట కట్టించిన సౌధము నేడు లేదు. చిరకాలము హైదరాబాదు నగర పోలీసు కమీషనరు కార్యాలయ మీ పేటయందే యుండెను. నాంపల్లిలోని క్రిమినలు న్యాయస్థానములు ఇచటి కనతి దూరముననే యున్నవి. 2022 ఆగస్టు 4వ తేదీన బంజారా హిల్సునందు పోలీసువారి క్రొత్త భవనము ప్రారంభింపబడగా కమీషనరు కార్యాలయ మచటికి తరలినది. బంజారా యనగా లంబాడీ. పూర్వము లంబాడీలు విడిసియుండుటచే నా కొండకు ఆ పేరు కలిగినదని చెప్పుదురు. పోలీసు పుస్తకములలో ఏ జాతి పేరు నేరమునకు పర్యాయపదముగా వ్రాయబడెనో, ఆ జాతి పేరిటి కొండమీదికే పోలీసుల ప్రధాన కార్యాలయము చేరుట నాకు వింతగా దోచినది. ఆ వింతయే యీ వ్యాసమునకు ప్రేరకము.

చదువరులలో పెద్దవారు స్టువార్టుపురమను పేరు విననివారుండరు. ఆ పేరు వినగానే దొంగలు జ్ఞప్తికి వచ్చుట అలవాటైపోయినది. 1991లో ఆ యూరి పేరిట చలనచిత్రములు వెలువడినవి. 2023లో ఆ యూరి దొంగ యొకని కథ మరల తెరకెక్కినది. కాని యా యూరు ఎట్లు పుట్టినది, దాని నెవరు పుట్టించిరి, అచటికి మనవారు తామై వచ్చిరా, తేబడిరా యను ప్రశ్నలు మన పిల్లలుకూడ అడుగుట లేదు. ఊరిపేరు చెప్పుటకు సిగ్గుపడి, ఉద్యోగపు దరఖాస్తులలో బాపట్ల యని వ్రాసికొనువారిని నేనెఱుగుదును. వారిని నిందింపజాలను.

నేరము మనుష్యుడు చేయునది. విచారణ జరిగి, సాక్ష్యము తేలి, దోషి యని తీర్పు వెలువడిన పిమ్మటనే శిక్ష కలుగవలయుననుట ఆంగ్లేయులు తమ న్యాయవిధానమునకు ప్రాణమని చెప్పుకొనిన సూత్రము. అట్టివారే 1871 అక్టోబరు 12వ తేదీన 27వ చట్టముగా నేరస్థ జాతుల చట్టమును చేసిరి. మొదట నది ఉత్తరహిందూస్థానమునకే పరిమితము. 1876లో వంగరాష్ట్రమునకును, 1911లో క్రొత్త చట్టముగా బ్రిటిషు ఇండియా యంతటికిని వ్యాపించెను. అప్పుడే మదరాసు రాజధానిలోని మన తెలుగు జిల్లాలు దాని పాలబడినవి. 1924లో దానిని మరల కూర్చి ఆఱవ చట్టముగా ప్రకటించిరి.

ఆ చట్టము పనిచేసిన తెఱగును కొంచెము నిదానించి చూడవలెను. ఫలానా తెగ, ఫలానా ముఠా, లేక ఫలానా తరగతివారు నేరములు చేయుటకు అలవాటుపడినవారని నమ్మినచో ప్రభుత్వము గెజెటులో ప్రకటించును. ఆ ప్రకటన సరియైనదా కాదా యని విచారించు నధికారము ఏ న్యాయస్థానమునకును లేదని చట్టమునందే వ్రాయబడియుండెను! జిల్లా మేజిస్ట్రేటు ఆ తెగవారి పేర్లతో రిజిస్టరు తయారు చేయించును. పెద్దవారి వేలిముద్రలు తీసికొందురు. రిజిస్టరులోనికెక్కినవాడు చెప్పిన వేళకు చెప్పినచోట హాజరు కావలెను. ఊరు విడువవలెనన్న పాసుచీటీ తీసికొనవలెను. ప్రభుత్వము తలచినచో ఆ తెగవారినెల్ల నొక సెటిల్‌మెంటులో నుంపవచ్చును. పిల్లలను తల్లిదండ్రులనుండి వేఱుచేసి పాఠశాలలలో పెట్టవచ్చును.

శిక్షలయందలి భేదము ఇంకను ఘోరము. చట్టపు షెడ్యూలునందు పేర్కొన్న నేరములలో ఒకసారి శిక్ష పొందినవాడు రెండవసారి పట్టువడినచో, ప్రత్యేక కారణములు లేనియెడల, ఏడేండ్లకు తక్కువ కాని ఖైదు. మూడవసారి యావజ్జీవ ద్వీపాంతరవాసము. అదే నేరము పొరుగు కులమువాడు చేసిన, శిక్ష ఎంతయనునది న్యాయాధిపతి విచక్షణకు చెందినది. మనవానియెడ ఆ విచక్షణమును చట్టము ముందుగానే కట్టివేసినది. రిజిస్టరులోనివాడు దొంగతనమునకో దోపిడికో పొంచియున్నట్లు కోర్టునకు తోచిన, చేయని నేరమునకు మూడేండ్లవఱకు ఖైదు వేయవచ్చును. ఒక్క నేరమునకు రెండు కొలతలు. కొలత మార్చినది పుట్టుక!

మనవారు నిజముగా దొంగతనములు చేయలేదా యని యడుగువారుందురు. చేసినవారు చేసిరి. దానిని దాచుటవలన మనకు గౌరవము రాదు. కాని యొక తెగలో కొందఱు దొంగలైనచో తెగనంతటిని రిజిస్టరుకెక్కించుట ఏ ధర్మశాస్త్రమునందును లేదు. మఱియు ఆ కొందఱు దొంగలేల యైరో విచారింపవలెను.

రైలుబండి రాకమునుపు ఎఱుకలవారు సముద్రతీరపు ఉప్పును గాడిదలమీదను ఎద్దులమీదను వేసికొని లోపలి జిల్లాలకు తీసికొనిపోయి ధాన్యమునకు మార్చుచుండిరి. దారిలో బుట్టలు, తట్టలు, చాపలు అల్లి యమ్మిరి. స్త్రీలు సోది చెప్పిరి. పల్లెవాసులు వీరిరాకకు ఎదురుచూచెడివారు. 1856లో మదరాసునుండి మొదటి రైలుమార్గము వెలసినది. ఉప్పు సర్కారు గుత్తయైనది. క్రమముగా రైళ్లే యుప్పును మోయసాగెను. 1876 మొదలు 1878 వఱకు సాగిన ఘోరమైన కఱవులో పశువులు చచ్చినవి. 1882లో మదరాసు అడవిచట్టము వచ్చి వెదురుకును మేతకును ఆటంకము కలిగించెను. ఇట్లు వృత్తి చెడినవానికి తిరుగుట మాత్రము మిగిలినది; ఆ తిరుగుటయే యనుమానమునకు హేతువైనది. ఈ సంగతిని మీనా రాధాకృష్ణగారు 2001లో ప్రకటించిన తమ ఆంగ్లగ్రంథమున విపులముగా నిరూపించిరి. మనవారిలో ఆంగ్లము చదువగలవారెల్లరు దానిని చదువవలెను.

వర్తకుని దొంగగా మార్చి చూపుటలో గ్రంథములు కూడ తోడ్పడినవి. 1892లో ముల్లాలీ యను పోలీసు అధికారి మదరాసు రాజధానిలోని నేరస్థ తరగతులను గూర్చి యొక పుస్తకము వ్రాసెను. 1909లో థర్‌స్టన్ దొర యేడు సంపుటములలో దక్షిణదేశపు కులములను వర్ణించెను. మనుష్యుల తలలను ముక్కులను కొలిచిన పండితుడాయన. ఇట్టి పుస్తకములు చదివిన అధికారి మన పేటకు వచ్చినప్పుడు, చూడకమున్నే చూచినట్లుండెను.

1913 ప్రాంతమున బాపట్ల సమీపమున సాల్వేషన్ ఆర్మీ వారి పాలనలో నొక సెటిల్‌మెంటు ఏర్పడినది. మదరాసు గవర్నరు కార్యనిర్వాహక సభలో సభ్యుడైన సర్ హెరాల్డు స్టువార్టు పేరు దానికి పెట్టిరి. అదియే స్టువార్టుపురము. కృష్ణాతీరమున సీతానగరము, నెల్లూరు జిల్లాలో అమెరికను బాప్టిస్టు మిషను వారి కావలి, కర్నూలు జిల్లాలో సిద్ధాపురము ఇట్టివే. ఉద్దేశము సంస్కారమని ప్రకటించిరి. పాఠశాలలు పెట్టినమాట, వైద్యము చేసినమాట నిజమే, కృతఘ్నులము కారాదు. కాని రాళ్లు కొట్టుటకును, కాలువలు త్రవ్వుటకును, చీరాలలోని పొగాకు కర్మాగారమునకును చౌకగా కూలీలు దొరకినమాటయు నిజమే. విడిచిపోవ వీలులేని కూలివానికి బేరమాడు శక్తి యెక్కడిది?

మా పితామహి చిన్నతనము ఒక సెటిల్‌మెంటులో గడచెను. రాత్రివేళ హాజరు పిలుచుటకు వచ్చినప్పుడు జ్వరముతో నున్న తమ్ముని భుజమున వేసికొని వాకిట నిలిచెడిదానననియు, పేరు పిలిచిన "ఉన్నాను" అనకపోయిన నేరమనియు ఆమె చెప్పెడిది. ముదిమిలో సయితము ఎవరైన రాత్రి పేరుపెట్టి పిలిచిన నులికిపడి "ఉన్నాను" అని లేచి కూర్చుండెడిది. మేము పిల్లలము నవ్వెడివారము.

తెలంగాణమున కథ వేఱు దారిని నడచి అచటికే చేరినది. లంబాడీలు వేలకొలది ఎద్దులతో మొగలాయి సైన్యములకు ధాన్యము మోసినవారు. 1874లో వాడి నుండి సికింద్రాబాదునకు రైలు రాగా వారి బిడారులకు పని తగ్గినది. నైజాము ప్రభుత్వముకూడ ఆంగ్లేయుల జాడనే యనుసరించి వారిని నేరస్థులుగా నెంచి కావలిలో నుంచెను. భంగ్యా భుక్యాగారి 2010 నాటి గ్రంథము ఈ చరిత్రమును చక్కగా తెలుపుచున్నది.

ఇది మన దేశమునకే చెందిన పాపము కాదు. 1912లో ఫ్రాన్సుదేశము సంచారజాతులవారు వేలిముద్రలును శరీరపు కొలతలును గల పుస్తకమును వెంట నుంచుకొనవలెనని శాసించి 1969 వఱకు దానిని తొలగింపలేదు. అమెరికా దక్షిణరాష్ట్రములలో బానిసత్వము పోయిన వెంటనే 1865, 1866 సంవత్సరములలో చేసిన చట్టములు, పనిలేక తిరుగు నల్లవానిని నేరస్థునిగా చేసి కూలికి అప్పగించినవి. సముద్రములవతల నున్నను కూలి కావలసినవాని తర్కము ఒక్కటే.

మదరాసు ప్రభుత్వము 1947లో ఈ చట్టమును రద్దు చేసెను. నెల్లూరి వెన్నెలకంటి రాఘవయ్యగారు యానాదులకొఱకును ఇట్టి ఇతర జాతులకొఱకును చేసిన సేవ మఱవరానిది. 1949లో కేంద్రప్రభుత్వము నియమించిన విచారణసంఘమునకు తిరుపతి ప్రాంతమువారైన మాడభూషి అనంతశయనం అయ్యంగారు అధ్యక్షులు. వారి నివేదికపై 1952 ఆగస్టు 31వ తేదీన దేశమంతట చట్టము తొలగెను. అందుచేతనే మనము ఆ దినమును విముక్తిదినముగా పాటించుచున్నాము. అయితే మదరాసువారు 1948లోనే అలవాటు నేరస్థుల చట్టము నొకదానిని చేసిరి. 1962లో ఆంధ్రప్రదేశమునకు అట్టి చట్టమే వచ్చెను. జాతిపేరు తీసి వ్యక్తి పేరు పెట్టినారు. అది గొప్ప మార్పే. కాని రిజిస్టరులు వ్రాయు చేతులును, దొంగతనము జరిగినంతనే ఏ పేటకు పోవలెనను నలవాటును 1952లో రద్దు కాలేదు. 1970ల దశకమున లవణము హేమలత దంపతులు స్టువార్టుపురమున చేసిన కృషికి ఆ యలవాటే పెద్ద యాటంకము. అలవాటు నేరస్థుల చట్టములను రద్దు చేయుమని 2007లో ఐక్యరాజ్యసమితి జాతివివక్ష నిర్మూలన సంఘము భారతదేశమును కోరినది.

2024 అక్టోబరు 3వ తేదీన సర్వోన్నత న్యాయస్థానము, పాత్రికేయురాలు సుకన్యా శాంతగారు వేసిన వ్యాజ్యమున నిచ్చిన తీర్పును మనవారు శ్రద్ధగా చదువవలెను. చెఱసాలలలో కులమునుబట్టి వంటపని, పాకీపని పంచిపెట్టు నియమములను ప్రధానన్యాయమూర్తి చంద్రచూడ్‌గారి ధర్మాసనము కొట్టివేసినది. ఖైదీల రిజిస్టరులనుండి కులపు గడిని తీసివేయుమనినది. సంచారజాతులవారిని, విముక్తజాతులవారిని పుట్టుకచేతనే నేరస్థులుగా భావించు పాతమాటలు మాన్యువలులలో నింకను నిలిచియుండుటను గర్హించి, విముక్తజాతులవారిని విచ్చలవిడిగా నిర్బంధింపరాదని పోలీసువారి నాజ్ఞాపించినది. 1871 నుండి లెక్కించిన 153 సంవత్సరములు! అదే సంవత్సరము మే మాసమున మఱియొక వ్యాజ్యమున, వెనుకబడిన వర్గములవారి పేర్లను కేవలము వారి కులమును జూచి హిస్టరీషీట్లలోని కెక్కింపరాదని ఆ న్యాయస్థానమే హెచ్చరించియుండెను. ఈ రెండు తీర్పుల తెలుగు సారాంశము ప్రతి పేటలోను నుండవలెను. పోలీసువాడు తలుపు తట్టిన రాత్రి పనికివచ్చునది అదియే.

ఇచట నొకమాట. మన సంచికలలో ఏకలవ్యుని గూర్చిన వ్యాసములు ఏటేట వచ్చుచున్నవి. రావలదని నేననను. కాని బొటనవ్రేలు కోయించుకొన్న పురాణవీరుని కీర్తించుచు, బొటనవ్రేలి ముద్ర వేసిన మన ముత్తాతల పేర్లనైన వ్రాసికొనకుండుట న్యాయమా? వారి రిజిస్టరులు ఏవి మిగిలెనో వెదకింపవలెను. మదరాసు ప్రభుత్వపు కాగితములకు చెన్నపట్నము ఎగ్మూరులోని దస్తావేజుల భాండాగారమును, నైజాము ప్రభుత్వపు కాగితములకు హైదరాబాదు తార్నాకలోని భాండాగారమును చూడవలయును. పెట్టెల యడుగున పాత పాసుచీటీలు, సెటిల్‌మెంటు రసీదులు, కూలిపుస్తకములు ఎవరి యింటనైన నున్నచో, అపకీర్తి యని చింపి పాఱవేయక, చెదలు తగులకుండ భద్రపఱచి, రాబోవు సభనాటికి వెంట తీసికొనిరండు. మా పితామహి చీటీని నేను తెచ్చెదను. దానిపై ఆమె పేరు తప్పుగా వ్రాయబడియున్నది, వేలిముద్ర మాత్రము సరిగా నున్నది.