పాఠకుల లెక్కలో పునరుక్తి: చందాదారుల పట్టిక నుండి సామాజిక మాధ్యమాల వరకు

ఉపోద్ఘాతం

సాహిత్య చరిత్ర రచనలో కవికాల నిర్ణయానికి, గ్రంథ పరిష్కరణకు లభించినంత శ్రద్ధ పాఠక సంఖ్యా నిర్ణయానికి లభించలేదు. ఒక కావ్యం ఏ శతాబ్దికి చెందుతుందో తేల్చడానికి శాసనాలను, భాషా ప్రయోగాలను, పూర్వకవి స్తుతులను పోల్చి చూసే పరిశోధకులు, ఒక రచనను ఎంతమంది చదివారన్న ప్రశ్న దగ్గర ‘విశేష పాఠకాదరణ పొందింది’ అన్న ఒక్క వాక్యంతో తృప్తి పడటం కనిపిస్తుంది. సామాజిక మాధ్యమాల రాకతో ఈ లోటు తీరినట్లు తోస్తుంది. ఫేస్‌బుక్‌లో ఇంతమంది, యూట్యూబ్‌లో ఇంతమంది, ఇన్‌స్టాగ్రామ్‌లో ఇంతమంది అని ప్రతి రచయిత పుట మీదా అంకెలు ఉంటున్నాయి. వాటిని కూడి వచ్చిన మొత్తాన్ని పాఠకుల సంఖ్యగా పేర్కొనడం సులభం. అయితే ఆ మొత్తంలో ఒకే మనిషి రెండు సార్లు, మూడు సార్లు లెక్కకు వచ్చి ఉండవచ్చు. చెప్పిన మాటనే నిష్ప్రయోజనంగా తిరిగి చెప్పడాన్ని ఆలంకారికులు పునరుక్తి దోషంగా పరిగణించారు. లెక్కించిన మనిషినే తిరిగి లెక్కించడం కూడా పునరుక్తే.

పునరుక్తి లేని పాఠక సంఖ్యను అంచనా వేయడానికి అచ్చు యుగం నుండి జరిగిన ప్రయత్నాలను స్థూలంగా పరిశీలించడం, వాటి ఆధారంగా నేటి సాహిత్య పరిశోధకుడు అనుసరించదగిన ఒక పద్ధతిని సూచించడం ఈ వ్యాసం ఉద్దేశం.

1. ప్రతి వేరు, పాఠకుడు వేరు

1867 నాటి ముద్రణాలయాలు, పుస్తకాల నమోదు చట్టం ప్రకారం నమోదైన ప్రతి పుస్తకానికీ శీర్షిక, భాష, రచయిత, వెల మొదలైన వివరాలతో పాటు ముద్రించిన ప్రతుల సంఖ్యను కూడా రాయవలసి ఉండేది. అందువల్ల మద్రాసు రాజధానిలో అచ్చయిన తెలుగు పుస్తకాల ప్రతుల సంఖ్యను తెలుసుకోవడానికి ఒక అధికారిక ఆధారం మనకు ఉంది. కాని ఆ పట్టిక చెప్పేది యంత్రం నుండి వెలువడిన ప్రతులను గురించి మాత్రమే. వాటిని చదివినవారి సంగతి దానికి తెలియదు.

పత్రికల విషయంలో చిక్కు రెండింతలు. కాశీనాథుని నాగేశ్వరరావు 1908లో బొంబాయిలో ఆంధ్రపత్రికను వారపత్రికగా స్థాపించారు. 1914లో మద్రాసు నుండి దినపత్రికను, 1924లో ‘భారతి’ మాసపత్రికను వెలువరించారు. వీటికి తోడు ఉగాది సంచికలు ఉండేవి. అంటే ఒకే సంస్థ నుండి దిన, వార, మాస, వార్షిక ప్రచురణలు భిన్న రూపాలలో పాఠకులను చేరేవి. దినపత్రిక చందాదారుడే ‘భారతి’కీ చందా కట్టి ఉండవచ్చు, ఉగాది సంచికనూ కొని ఉండవచ్చు. ఈ నాలుగింటి ప్రతులను కూడితే ఆయన నాలుగు చోట్ల కనిపిస్తాడు.

దీనికి వ్యతిరేక దిశలో సాగే దోషం మరొకటి ఉంది. 1901లో హైదరాబాదులో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం ఏర్పడింది. 1914లో ఆంధ్రదేశ గ్రంథభాండాగార సంఘం ఏర్పడిన తరువాత గ్రంథాలయోద్యమం పల్లెలకు విస్తరించింది. పఠనమందిరానికి వచ్చిన ఒక్క ప్రతి అనేకుల చేతులు మారేది. చదువు రానివారు చదివించుకుని వినేవారు. 1951 జనాభా లెక్కల నాటికి కూడా దేశంలో అక్షరాస్యత 18.33 శాతమే. ఇటువంటి సమాజంలో శ్రోతను విడిచి పాఠకుణ్ణి మాత్రమే లెక్కించడం సరిపోదు.

తర్కశాస్త్ర పరిభాషలో చెప్పాలంటే, ప్రతుల సంఖ్యను పాఠక సంఖ్యకు లక్షణంగా స్వీకరించినప్పుడు అవ్యాప్తి, అతివ్యాప్తి అనే రెండు దోషాలూ ఏకకాలంలో ఏర్పడుతున్నాయి. ఒక ప్రతిని పలువురు చదవడం వల్ల సంఖ్య తగ్గుతుంది. ఒకరు పలు ప్రతులు చదవడం వల్ల సంఖ్య పెరుగుతుంది. ఈ రెండూ ఒకదానినొకటి రద్దు చేసుకుంటాయని భావించడానికి ఆధారం లేదు.

2. ప్రతుల లెక్క నుండి మనుషుల లెక్కకు

ప్రకటనదారుల అవసరం ఈ ప్రశ్నకు శాస్త్రీయ రూపం ఇచ్చింది. ప్రచురణకర్తలు ప్రకటించుకునే ప్రతుల సంఖ్యను స్వతంత్రంగా ధ్రువీకరించడానికి 1914లో అమెరికాలోను, 1948లో భారతదేశంలోను ఆడిట్ బ్యూరో ఆఫ్ సర్క్యులేషన్స్ ఏర్పడ్డాయి. అమ్మకాల లెక్కను నమ్మదగినదిగా చేయడం వరకే వాటి పరిధి. 1938లో అమెరికాలో ‘లైఫ్’ వారపత్రిక ప్రతులను విడిచి నేరుగా పాఠకులను విచారించే సర్వేలను ప్రారంభించింది. మన దేశంలో 1970 దశకం నుండి నేషనల్ రీడర్‌షిప్ సర్వే, 1995 నుండి ఇండియన్ రీడర్‌షిప్ సర్వే ఈ మార్గంలో సాగాయి.

ఈ సర్వేల విశేషం ఒకటి గమనార్హం. ఒకే వ్యక్తిని ఎదుట కూర్చోబెట్టుకుని అనేక పత్రికల పేర్లు వరుసగా అడగడం వల్ల, ఏ పత్రికకు ఎంతమంది పాఠకులున్నారో తెలియడంతో పాటు ఏ రెండు పత్రికలకు ఉమ్మడి పాఠకులు ఎంతమందో కూడా తెలుస్తుంది. పునరుక్తిని తొలగించడానికి అవసరమైన కీలక సమాచారం ఈ ఉమ్మడి సంఖ్యే.

3. ఉమ్మడి సంఖ్య నుండి అంచనాకు

రెండు పత్రికలే ఉంటే లెక్క సులువు. రెంటి పాఠకులను కూడి ఉమ్మడి పాఠకులను ఒకసారి తీసివేస్తే చాలు. పత్రికలు పెరిగే కొద్దీ మూడింటికి, నాలుగింటికి ఉమ్మడిగా ఉన్నవారి లెక్కలన్నీ కావలసి వస్తాయి. 1961లో జె.ఎం. అగోస్తిని ఫ్రెంచి పత్రికల సర్వే ఆధారంగా దీనికి ఒక దగ్గరి దారి చూపాడు. ఇద్దరిద్దరి ఉమ్మడి సంఖ్యల మొత్తాన్ని 1.125తో హెచ్చించి, దానికి పాఠకుల స్థూల మొత్తాన్ని కలపాలి. స్థూల మొత్తపు వర్గాన్ని ఇలా వచ్చిన సంఖ్యతో భాగిస్తే పునరుక్తి లేని సంఖ్యకు చేరువగా వస్తుంది. ఈ గుణకం అన్ని సందర్భాలకూ స్థిరంగా ఉండదని తరువాతి పరిశోధకులు విమర్శించారు. అయినా సూత్రం సరళత వల్ల అది ప్రసిద్ధమైంది.

రెండు పట్టికలను పోల్చి అసలు సంఖ్యను ఊహించే పద్ధతికి భారతదేశంలోనే ఒక ప్రసిద్ధ ఉదాహరణ ఉంది. సి. చంద్రశేఖర్, డబ్ల్యు. ఎడ్వర్డ్స్ డెమింగ్ 1949లో ప్రచురించిన పరిశోధనలో కలకత్తా సమీపంలోని సింగూర్ ఆరోగ్య కేంద్రం పరిధిలో రిజిస్ట్రారు నమోదు చేసిన జనన మరణాల పట్టికను, ఇంటింటికీ తిరిగి సేకరించిన పట్టికతో పోల్చారు. రెంటిలోనూ ఉన్నవారు, ఒకదానిలోనే ఉన్నవారు ఎందరో చూసి, రెంటికీ దొరకనివారి సంఖ్యను అంచనా వేశారు. రెండు పట్టికలు పరస్పరం స్వతంత్రమైనవన్న భావన మీద ఈ పద్ధతి నిలుస్తుంది. ఆ భావన పూర్తిగా నిజం కానప్పుడు కలిగే దోషాన్ని తగ్గించడానికి జనాన్ని సజాతీయ సమూహాలుగా విభజించి వేర్వేరుగా లెక్కించాలని వారు సూచించారు. పాఠకుల విషయంలో ఈ హెచ్చరిక మరింత అవసరం. ఒక మాధ్యమంలో కవిత్వం చదివేవాడు మరో మాధ్యమంలోనూ చదివే అవకాశం ఇతరుల కన్నా ఎక్కువ.

4. సామాజిక మాధ్యమాలలో పాత దోషాలు

మాధ్యమం మారినా దోషాల స్వరూపం మారలేదు. ఒకే వ్యక్తికి మూడు మాధ్యమాలలో మూడు ఖాతాలు ఉండటం అతివ్యాప్తికి కారణం. ఇంట్లో ఒకే ఫోనులో ఒకే ఖాతా ద్వారా భార్యాభర్తలు, పిల్లలు, తాతయ్య కథలు వినడం అవ్యాప్తికి కారణం. పఠనమందిరంలోని పత్రిక స్థానంలోకి ఇంటి ఫోను వచ్చింది.

ఈ పునరుక్తి పరిమాణం ఎంత ఉంటుందో తెలపడానికి ఒక పెద్ద ఉదాహరణ చాలు. ఫేస్‌బుక్ సంస్థ 2019 డిసెంబరు నాటికి ఫేస్‌బుక్ నెలవారీ వినియోగదారులు 250 కోట్లని ప్రకటించింది. వాట్సాప్‌కు 200 కోట్ల మంది ఉన్నారని 2020 ఫిబ్రవరిలోను, ఇన్‌స్టాగ్రామ్‌కు 100 కోట్ల మంది ఉన్నారని 2018 జూన్‌లోను వెల్లడించింది. తేదీల భేదాన్ని పక్కన పెట్టి వీటిని కూడితే 550 కోట్లవుతుంది. తన మాధ్యమాలలో ఏదో ఒకదానినైనా నెలలో ఉపయోగించిన మనుషుల సంఖ్యను అదే సంస్థ 2019 డిసెంబరుకు 289 కోట్లుగా అంచనా వేసింది. అంటే కూడికతో వచ్చిన సంఖ్య మనుషుల సంఖ్యకు దాదాపు రెట్టింపు. ఖాతాల వివరాలన్నీ తన చేతిలోనే ఉన్న సంస్థ సైతం దీనిని అంచనాగానే పేర్కొని, సుమారు 3 శాతం దోషానికి అవకాశం ఉందని చెప్పింది.

గణన యంత్రశాస్త్రంలో ఈ సమస్యకు వేరొక మార్గం ఏర్పడింది. ఫిలిప్ ఫ్లాజొలె, సహ పరిశోధకులు 2007లో ప్రతిపాదించిన హైపర్‌లాగ్‌లాగ్ పద్ధతిలో పేర్ల పట్టికను దాచవలసిన పని లేదు. ప్రతి పేరును ఒక యాదృచ్ఛిక సంఖ్యగా మార్చి, దాని ఆరంభంలో వరుసగా ఎన్ని సున్నాలున్నాయో చూస్తారు. నాణెం ఎగరవేసే ఆటలో వరుసగా ఇరవై సార్లు బొమ్మ పడిందంటే ఆట చాలా సార్లు జరిగి ఉంటుందని ఊహించినట్లే, సున్నాల అతి పొడవైన వరుసను బట్టి వేర్వేరు పేర్ల సంఖ్యను ఊహిస్తారు. ఒకే పేరు ఎన్నిసార్లు వచ్చినా అదే సంఖ్యగా మారుతుంది కనుక పునరుక్తి దానంతటదే తొలగుతుంది. ఒకటిన్నర కిలోబైట్ల స్థలంతో వంద కోట్లకు మించిన సంఖ్యను సుమారు 2 శాతం దోషంతో అంచనా వేయవచ్చని వారు చూపారు. అయితే రెండు మాధ్యమాలలో ఒకే మనిషికి ఒకే గుర్తు ఉన్నప్పుడే ఈ పద్ధతి ఆ రెంటి మధ్య పనిచేస్తుంది. ఒకచోట కలం పేరుతో, మరొకచోట ఇంటిపేరుతో ఉన్న పాఠకుణ్ణి అది ఇద్దరుగానే చూస్తుంది.

5. సాహిత్య పరిశోధకునికి ఒక మార్గం

సంస్థల పట్టికలు పరిశోధకునికి అందవు. అందుబాటులో ఉన్నది పాఠకుణ్ణి అడగడం. ఉదాహరణకు ఒక కవికి ఫేస్‌బుక్‌లో 40,000, యూట్యూబ్‌లో 25,000, ఇన్‌స్టాగ్రామ్‌లో 15,000 మంది అనుచరులు ఉన్నారనుకుందాం. ఇవి కల్పిత సంఖ్యలు. కూడిక 80,000. ఏ సర్వే లేకుండానే రెండు హద్దులు చెప్పవచ్చు: వేర్వేరు ఖాతాలు వేర్వేరు మనుషులవే అనుకుంటే అసలు సంఖ్య 80,000కు మించదు, అతిపెద్ద మాధ్యమంలోని 40,000కు తగ్గదు.

ఇక ప్రతి మాధ్యమం నుండి కొందరిని యాదృచ్ఛికంగా ఎంచుకుని, ఈ కవిని మొత్తం ఎన్ని చోట్ల అనుసరిస్తున్నారని అడగాలి. ఒకచోటే ఉన్నవారికి ఒకటి, రెండు చోట్ల ఉన్నవారికి అర, మూడు చోట్ల ఉన్నవారికి మూడింట ఒక వంతు విలువ ఇవ్వాలి. ఈ జవాబుల నిష్పత్తిని 80,000 నమోదులకు వర్తింపజేయగా 44,000 నమోదులు ఒకచోటే ఉన్నవారివి, 24,000 రెండు చోట్ల ఉన్నవారివి, 12,000 మూడు చోట్ల ఉన్నవారివి అని తేలిందనుకుంటే, మనుషులు వరుసగా 44,000, 12,000, 4,000, మొత్తం 60,000. ఇదే ఉదాహరణలో ఇద్దరిద్దరి ఉమ్మడి సంఖ్యల మొత్తం 24,000 అవుతుంది. అగోస్తిని సూత్రం ప్రకారం వచ్చేది సుమారు 59,800.

ఈ పద్ధతికి పరిమితులు ఉన్నాయి. ప్రశ్నావళికి జవాబిచ్చేవారు సాధారణంగా ఆసక్తి ఎక్కువగా ఉన్నవారు. వారు పలు మాధ్యమాలలో ఉండే అవకాశం ఎక్కువ కనుక అంచనా వాస్తవం కన్నా తగ్గవచ్చు. అనుచరుడు పాఠకుడు కానక్కరలేదు; చందా కట్టినవాడు చదవకపోవడం అచ్చు యుగంలోనూ ఉన్నదే. కనుక అడిగేటప్పుడు గత నెలలో ఏదైనా రచన చదివారా, విన్నారా, ఆ ఫోనులో ఇంకెవరైనా చదివారా అన్న ప్రశ్నలను కూడా చేర్చాలి. మొదటి ప్రశ్న అతివ్యాప్తిని, చివరి ప్రశ్న అవ్యాప్తిని సరిచేస్తాయి.

ఉపసంహారం

పాఠక సంఖ్యలోని పునరుక్తిని లెక్కల వారి సమస్యగా విడిచిపెట్టడానికి వీలు లేదు. తెలుగు సాహిత్యం విస్తరిస్తున్నదా, లేక ఉన్న పాఠకులే ఒక మాధ్యమం నుండి మరొక మాధ్యమానికి తిరుగుతున్నారా అన్న ప్రశ్నకు సమాధానం దీని మీదనే ఆధారపడి ఉంది. కూడిక సంఖ్య ఏటేటా పెరుగుతూ, మనుషుల సంఖ్య నిలకడగా ఉండటం సాధ్యమే. అటువంటి స్థితిని విస్తరణగా నమోదు చేస్తే ఇంకా చేరవలసినవారు లెక్కలో నుండి మాయమవుతారు. 2011 జనాభా లెక్కల ప్రకారం ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో అక్షరాస్యత 67.02 శాతం. మిగిలిన మూడో వంతు మంది ఏ అనుచరుల పట్టికలోనూ సులువుగా కనిపించరు. కనిపించిన వారిని రెండు సార్లు లెక్కించినప్పుడు వారి లేమి మరింత మరుగున పడుతుంది.

కనుక సామాజిక మాధ్యమాల సాహిత్యంపై పరిశోధన చేసేవారు పాఠక సంఖ్యను పేర్కొనేటప్పుడు మూడు విషయాలను స్పష్టం చేయడం అవసరం: ఆ సంఖ్య ఖాతాలదా, మనుషులదా, ఏ కాలానికి చెందినది, ఉమ్మడి పాఠకులను ఏ విధంగా తొలగించారు. ఈ మూడూ చెప్పలేని పక్షంలో కనిష్ఠ, గరిష్ఠ హద్దులను మాత్రమే ఇవ్వడం సమంజసం. కవికాలాన్ని ‘ఈ రెండు సంవత్సరాల మధ్య’ అని నిర్ణయించడం మన పరిశోధనా సంప్రదాయానికి కొత్త కాదు. పాఠకుల సంఖ్యకూ అదే మర్యాద పాటించవచ్చు.