వర్గములో ఇమిడిన వర్గీకరణము: బోర్హెస్ కల్పించిన చైనా విజ్ఞానసర్వస్వము

జంతువులన్నిటిని పదునాలుగు తెగలుగా విభజించిన ప్రాచీన చైనా విజ్ఞానసర్వస్వ మొకటి కలదని, అందు చక్రవర్తి సొత్తైన జంతువు లొక తెగ కాగా వీథికుక్కలు వేఱొక తెగ యని ఉపన్యాసములందును వ్యాసములందును చెప్పుట పరిపాటియైనది. ప్రాచ్యుల యాలోచనారీతికి దానిని సాక్ష్యముగా చూపువారును లేకపోలేదు. ఈ సాక్ష్యము చెల్లదని మా యభిప్రాయము. ఆర్జెంటీనా రచయిత హోర్హే లూయీ బోర్హెస్ (1899–1986) 1942లో ప్రకటించిన యొక చిన్నవ్యాసమే ఆ సర్వస్వమునకు పుట్టినిల్లు. తనకు దానిని తెలిపినవాడు ఫ్రాంజ్ కూన్ అని యాతడు వ్రాసెను. కూన్ కల్పితపురుషుడు కాడు. చైనా నవలలను జర్మను భాషలోనికి అనువదించి పేరొందిన పండితుడు. కాని యాతని గ్రంథములలో నీ పట్టిక పరిశోధకులకు దొరకలేదు. నిజమైన సాక్షిచేత కల్పితమైన సాక్ష్యము చెప్పించుట బోర్హెస్‌కు వెన్నతో పెట్టిన విద్య.

ఆ వ్యాసమునకు ముఖ్యవిషయము చైనా కానేకాదు. ఆంగ్లేయ మతాచార్యుడును, రాయల్ సొసైటీ స్థాపకులలో నొకడును అగు జాన్ విల్కిన్స్ (1614–1672) అందలి నాయకుడు. ఈతడు 1668లో ప్రకటించిన గ్రంథమున సమస్త విషయములను 40 మహావర్గములుగా పంచి, ప్రతిపదమును తన వర్గమును తానే చెప్పుకొనునట్టి భాషను నిర్మింప బూనెను. ‘దె’ యన్న మూలభూతము, ‘దెబ్’ అన్న అగ్ని, ‘దెబ’ యన్న జ్వాల. పేరే నిర్వచనమగునన్నమాట. విల్కిన్స్ సరసనే 1895లో బ్రస్సెల్సున నెలకొన్న గ్రంథసూచీ సంస్థను కూడ బోర్హెస్ నిలిపినాడు. విశ్వమును వేయి విభాగములుగా కోసిన సంస్థ యది. ఇట్లు చైనా పేరిట నడచిన పరిహాసము వాస్తవముగా ఐరోపా శాస్త్రజ్ఞులకు తగులుచున్నది.

ఈ పరిహాసమునకు స్వానుభవము కొంత తోడ్పడియుండును. 1937 మొదలు తొమ్మిదేండ్లు బోర్హెస్ బ్యూనస్ అయిరిస్ నగరమున నొక చిన్న పురపాలక గ్రంథాలయమున పుస్తకములకు పట్టిక వ్రాయు నుద్యోగము చేసెను. అచ్చటి పుస్తకములు స్వల్పము, ఉద్యోగులు బహుళము. ఏ పుస్తక మెచ్చటనున్నదో అందఱికి తెలిసియుండుటచే ఆ పట్టిక ఎవ్వరికిని అక్కఱకు రాలేదని యాతడే ఉత్తరకాలమున చెప్పుకొనెను. మొదటినాడు శ్రద్ధగా పని చేసినందులకు తోటివారు మందలించిరట!

ఇక పట్టికలోని ఎనిమిదవ తెగను పరిశీలింతము. ‘ఈ వర్గీకరణములో చేరినవి’ యనునదే ఆ తెగ. తక్కిన పదుమూడింటిలోని జంతువులన్నియు నిందు చేరవలసినవే. అనగా సర్వమునకు ఆధారమైనది తానొక భాగమై కూర్చున్నది. తండ్రి తన కొడుకుల వరుసలో నొకడై నిలిచినట్లున్నది. ఇంతకంటె సూక్ష్మమైన చిక్కు వేఱొకటి గలదు. ఏ తెగకును చెందని జంతు వొకటి యున్నదనుకొందము. వర్గీకరణములో చేర్చుకొన్నచో అది ఎనిమిదవ తెగకు చెందును. ఆ తెగకు చెందినచో వర్గీకరణములో చేరును. వెలుపలి ప్రమాణ మేదియు లేదు. మన తార్కికులు ఆత్మాశ్రయ మనెడి దోష మిదియే. పండ్రెండవ తెగ ‘ఇత్యాదులు’. దాని తరువాత మఱి రెండు తెగలు మిగిలియున్నవి! మా దృష్టిలో ఎనిమిదవదానికంటె నిది కొంత తేలికైన చమత్కారము.

ఆంధ్రుడైన అన్నంభట్టు తర్కసంగ్రహమును ముగించుచు, పదార్థము లన్నియు తాను చెప్పిన యేడింటిలోనే యథోచితముగ అంతర్భవించునని తేల్చినాడు. ‘ఇత్యాదుల’కు చోటీయలేదు. జాతికి మఱల జాతి నంగీకరించినచో అనవస్థ కలుగునని ఉదయనాచార్యుడు అంతకు పూర్వమే ఆ త్రోవను మూసివేసినాడు. అయితే తలుపు లన్నియు మూయబడలేదు. ప్రమేయత్వము, అనగా తెలియదగియుండుట, సర్వత్ర యుండు ధర్మము. కనుక అది ప్రమేయత్వమునందును ఉన్నదని నవ్యనైయాయికులు వెనుదీయక యొప్పుకొనిరి. తనయందు తానుండుట యెల్లప్పుడు దోషము కాదని దీనివలన తేలుచున్నది.

1966లో మిషెల్ ఫూకో తన ప్రసిద్ధ గ్రంథమునకు ఈ పట్టికయే పుట్టుక యని పీఠికలో తెలిపెను. అటుపిమ్మట దీని వ్యాప్తి మితిమీఱినది. అందలి చైనా పాశ్చాత్యుల స్వప్నములోని చైనా యని ఫూకో కొంత గుర్తించియే యుండెను. ఆతనిని ఉదాహరించువా రందఱు నా మాటను గుర్తుంచుకొనలేదు.

నిజమైన చైనా సంగతి వేఱు. చియెన్‌లుంగ్ చక్రవర్తి యాజ్ఞచే 18వ శతాబ్దిలో సమకూర్చబడిన మహాగ్రంథమాలలో గ్రంథములు నాలుగు శాఖలుగా విభక్తములు: ధర్మగ్రంథములు, చరిత్ర, దార్శనికుల రచనలు, సాహిత్యసంపుటములు. చరిత్రశాఖలో పట్టికలకే ప్రత్యేకముగ నొక తరగతి కలదు. గ్రంథసూచియు నొక గ్రంథమే కావున దానికిని చోటు కావలసివచ్చినది. నేటి డ్యూయీ దశాంశపద్ధతియందును ఇంతే. ఆ పద్ధతినిగూర్చిన పుస్తకమునకు ఆ పద్ధతియే 025.431 అను సంఖ్య నిచ్చుచున్నది. అచ్చట ఆత్మాశ్రయము లేదు. పుస్తకము తన విషయమునుబట్టి ఆ యరలో చేరినదేగాని, చేరియున్నదను కారణముచే చేరలేదు.