పందిరి నుంచి మందిరం దాకా

ఉద్దానంలో ఏ ఊరికి వెళ్ళినా నడివీధిలో ఒక రామకోవెల కనిపిస్తుంది. దాని ముందు అరుగు, అరుగు ముందు నలుగురూ కూర్చునే ఖాళీ జాగా. శ్రీరామనవమికి హరికథ, అమ్మవారి సంబరాలకు తప్పెటగుళ్ళు, జముకుల కథ, కార్తీకంలో ఏకాహం, పండక్కి పౌరాణిక నాటకం. అన్నిటికీ ఆ జాగాలో వేసే పందిరే వేదిక. నౌపడ చుట్టుపక్కల ఇప్పుడా పందిళ్ళు ఒక్కొక్కటే శ్లాబు మందిరాలవుతున్నాయి. ఊరు చందాలు వేసుకుని, దూరదేశం పోయిన పిల్లలు డబ్బు పంపి, ముచ్చటగా కట్టించుకుంటున్నారు. సంతోషించాల్సిన సంగతే. అయితే పాటకు గోడలు ఎలా వచ్చాయో, వచ్చాక పాట ఏమైందో కూడా ఒకసారి చూసుకోవాలి.

పూర్వం మన సంగీతానికి రెండే ఇళ్ళు: కోవెల మండపం, జమీందారు కొలువు. మండపంలో భక్తులు వినేవారు, కొలువులో పిలుపు అందినవారు వినేవారు. కులం, హోదా అడగకుండా ఎవరైనా వచ్చి కూర్చోగల సభాభవనం అనే ఆలోచన మనకు 19వ శతాబ్దం చివర్లో బలపడింది. రాజమహేంద్రవరంలో కందుకూరి వీరేశలింగం పూనికతో 1890లో టౌన్‌హాలు లేచింది. విజయనగరంలో జగన్నాథ విలాసినీ సభ వారు 1892లో గురజాడ 'కన్యాశుల్కం' ఆడారు. ఆ రోజుల్లో సభ అంటే ముందు మనుషులు. పదిమంది పూనుకుని సభ పెట్టుకున్నాకే దానికో కప్పు వెతుక్కునేవారు.

మన ఉత్తరాంధ్రకు సంగీతంలో పెద్దిల్లు విజయనగరమే. అక్కడి సంగీత కళాశాల పుట్టుక వెనక ఒక అంధబాలుడున్నాడు. రాజావారి కొలువులో ఉన్న చాగంటి జోగారావు కొడుకు గంగరాజుకు చూపు లేదు, పాటంటే ప్రాణం. ఆ పిల్లవాడికి సంగీతం చెప్పించాలన్న తలపే పెరిగి పెద్దదై, 1919లో విజయరామ గజపతి చేతుల మీదుగా కళాశాల అయింది. హరికథకు పితామహుడనిపించుకున్న ఆదిభట్ల నారాయణదాసు తొలి అధ్యక్షులు. 1936లో ఆ పీఠం ద్వారం వెంకటస్వామి నాయుడు చేతికి వచ్చింది. చేతిలో కాసు లేకుండా వచ్చిన ఘంటసాల వారాలు చేసుకుంటూ, మధుకరం ఎత్తుకుంటూ అక్కడే చదువుకున్నారు. పి. సుశీల, నేదునూరి కృష్ణమూర్తి అక్కడి విద్యార్థులే.

ఆ విద్య పల్లెలకు నడిచి వచ్చింది, బండెక్కి వచ్చింది, రైలెక్కి వచ్చింది. నౌపడకు మదరాసు-కలకత్తా పెద్దలైను ఒకవైపు. పర్లాకిమిడి రాజావారు వేయించగా 1900లో మొదలైన రెండడుగుల ఆరంగుళాల చిన్నలైను మరోవైపు. హార్మోనియం పెట్టెలతో, తెరలతో, కిరీటాలతో ఊరూరూ తిరిగేవారికి దారి సుళువైంది. వారు వచ్చి దిగేది మళ్ళీ రామకోవెల ముందు పందిట్లోకే.

ఆ పందిరి ఎలా ఉండేదో నా కళ్ళకు కట్టినట్టే ఉంది. సరుగుడు రాటలు, పైన కొబ్బరాకుల కప్పు, కింద ఇసక, ఇసక మీద చాపలు. నాలుగువైపులా గోడే లేదు. హరికథ చెప్పే దాసుగారు కాలి గజ్జె ఘల్లుమనిపించి, చిరుతలు అందుకుని గొంతెత్తితే ఆఖరి చాప మీద కూర్చున్న ముసలమ్మకు కూడా మాట మాటగా అందేది.

కిందటి నవమికి ఒక కొత్త మందిరంలో హరికథ విన్నాను. నేల అంతా అద్దంలాంటి టైల్స్, గోడలకు సగం ఎత్తు దాకా గ్రానైటు, పైన నున్నటి శ్లాబు. దాసుగారు పద్యం రెండో పాదం ఎత్తుకునేసరికి మొదటి పాదం ఇంకా గోడల మధ్య తిరుగుతూనే ఉంది. మాట అర్థం కాలేదని ఎవరో మైకు పెంచారు. హోరు పెరిగింది. కాసేపటికి ఆడవాళ్ళు చాపలు తీసుకుని బయట వేపచెట్టు కిందికి వెళ్ళిపోయారు. అక్కడ మాట తేటగా వినిపించింది.

ఆ తల్లులు చేసిన పనికి వెనక పెద్ద శాస్త్రమే ఉంది. 1895లో అమెరికాలో హార్వర్డ్ విశ్వవిద్యాలయం కొత్త ఉపన్యాసశాలకు ఇదే జబ్బు పట్టింది. పలికిన మాట ఐదున్నర సెకన్ల పాటు గదిలోనే మోగేది. బాగుచేయమని వాలెస్ సబైన్ అనే యువ అధ్యాపకుణ్ణి పురమాయించారు. ఆయన రాత్రిపూట ఊరు మణిగాక, పక్క నాటకశాల నుంచి కుర్చీల మెత్తలు మోయించి తెచ్చి, కొన్ని కొన్నిగా పరుస్తూ, మోత ఎంతసేపట్లో అణగుతోందో గడియారంతో కొలిచాడు. మెత్తటి వస్తువు ధ్వనిని తాగుతుంది, నున్నటి గట్టి గోడ తిప్పికొడుతుంది. కూర్చున్న మనిషి కూడా కొంత తాగుతాడు. ఆ లెక్కతో కట్టిన బోస్టన్ సింఫనీ హాలు మన చిన్నలైను మొదలైన 1900లోనే తెరుచుకుంది. ధ్వనిని తాగే శక్తికి సబైన్ పెట్టుకున్న కొలబద్ద ఏమిటో తెలుసా? తెరిచిన కిటికీ. దాని గుండా వెళ్ళిన శబ్దం మళ్ళీ రాదు. మన పందిరి నాలుగువైపులా తెరిచిన కిటికీయే!

కాబట్టి మందిరం బాగుచేయడమంటే ముందు చెవికి బాగుచేయడం. దానికి పెద్ద ఖర్చు అక్కర్లేదు. పక్కగోడలకు వెడల్పాటి కిటికీలు పెట్టి, కచేరీ వేళ తెరిచి ఉంచాలి. వేదికకు ఎదురుగా ఉన్న వెనకగోడకు గ్రానైటు బదులు మందపాటి గుడ్డతెరలు వేలాడదీయాలి. టైల్స్ వేసినా వాటి మీద కొబ్బరిపీచు చాపలు పరచాలి. పీచుకు మన దగ్గర కరవు లేదు.

మోత తర్వాత మందిరానికి రెండో శత్రువు ఉప్పుగాలి. ఉప్పుమళ్ళ పక్కన బతికే మనకు ఇది ఎవరూ చెప్పనక్కర్లేదు. ఉప్పు సిమెంటులోకి దిగి ఊచకు చేరితే ఊచ తుప్పు పట్టి ఉబ్బుతుంది, పైనున్న పెచ్చు ఊడిపడుతుంది. సముద్రపు ఇసక వాడిన శ్లాబుకు ఆయుష్షు తక్కువ. సముద్రగాలి తగిలే కాంక్రీటులో ఊచ మీద కనీసం 45 మిల్లీమీటర్ల మందం ఉండాలని మన జాతీయ ప్రమాణం చెబుతోంది. పెచ్చులూడిన చోట పైపైన పూత పూసి రంగు వేస్తే తుప్పు లోపల తన పని తాను చేసుకుపోతుంది. తుప్పంతా గీకి, ఊచ సరిచేశాకే పూత.

2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను మన కొబ్బరి, జీడితోటల్ని నేలమట్టం చేసింది. అలాంటి గాలులకు తట్టుకునే గట్టి కప్పు ఊరికి కావాలి, కాదనను. ఆ కప్పు కింద హరికథ కూడా వినపడాలి. దాసుగారి మాట అందనప్పుడు కుర్రాళ్ళు రికార్డింగ్ డాన్సు అడిగితే తప్పు వాళ్ళది కాదు.

మీ ఊరి మందిరానికి చందా రాసేముందు ఒక సాయంత్రం దాని నడుమ నిలబడి ఒక్కసారి చప్పట్లు కొట్టి వినండి. మోత ఆగకుండా తిరుగుతుంటే, గ్రానైటుకు రాయబోయిన డబ్బు కిటికీలకూ తెరలకూ చాపలకూ రాయండి.